ఇస్లాము ధర్మశాస్త్రమునందలి ప్రమాణవిచారము

మహమ్మదీయుల ధర్మశాస్త్ర మనఁగానే అది ఖురానునందు వ్రాసియున్న శాసనముల సముదాయ మనియు, న్యాయాధిపతి గ్రంథమును తెఱచి చూచి తీర్పు చెప్పుటయే తక్క నందు వేఱు విచారమునకుఁ దావు లేదనియు మనలోఁ బెక్కండ్ర యభిప్రాయము. మన స్మృతుల విషయమునను బయటివారు కొంద ఱిట్లే తలఁచిరి. మనుస్మృతి నొక్కదానిని భాషాంతరీకరించుకొన్నచో హిందూధర్మ మంతయుఁ జేతఁ జిక్కినదని వా రనుకొనిరి. మీమాంసను, నిబంధకారులను ఎఱుఁగనివారి కది సహజమైన పొరపాటు. ఇస్లామునందును మన పూర్వమీమాంసతోఁ బోల్చి చూడఁదగిన శాస్త్రమొకటి కలదు. దానిని అరబ్బీ భాషలో ఉసూలుల్ ఫిఖ్ అందురు. ఉసూలు అనఁగా మూలములు. ఫిఖ్ అనఁగా అవగాహనము, రూఢిచే ధర్మజ్ఞానము. ధర్మము ఏ మూలమునుండి, ఏ రీతిని, ఎవరిచేతఁ దెలిసికొనఁబడునను విచారమే దీనికి విషయము.

ఈ శాస్త్ర మేల పుట్టవలసి వచ్చెనో చూతము. ఖురానునందు ఆఱువేలకుఁ బైబడిన వాక్యము లున్నను, విధినిషేధములకు సంబంధించినవి సుమారు 500 మాత్రమే యని గజాలీ పండితుఁడు లెక్కించెను. అందును బెక్కులు ఉపాసనకుఁ జెందినవి. ప్రవక్త 632 వ సంవత్సరమున దివంగతుఁ డయ్యెను. అంతటితో శ్రుతి నిలిచిపోయెను. వ్యవహారములు మాత్రము నిలువలేదు. అరేబియా యెడారిలోఁ బుట్టిన మతము ఇరువది ముప్పది యేండ్లలో ఈజిప్టునకును బారసీకమునకును వ్యాపించెను. వాక్యములు పరిమితములు, సంగతు లపరిమితములు. ఈ రెంటి నడుమనున్న యగాధమును దాఁటుటకుఁ గట్టిన వంతెనయే యీ శాస్త్రము.

వంతెన కట్టకముందు జనులెట్లు దాఁటిరో రెండు వ్యాజ్యములవలనఁ దెలియఁగలదు. ఖురాను నాలుగవ అధ్యాయమున దాయభాగము భిన్నాంకములతో నిర్ణయింపఁబడినది. సంతానము లేని భార్య మరణించినచో భర్తకు సగము. ఒకే తలిదండ్రులకుఁ బుట్టిన యక్కచెల్లెండ్రు ఇద్దఱు మిగిలినచో వారికి మూఁట రెండుపాళ్లు. మఱి భర్తయు, అక్కచెల్లెం డ్రిద్దఱును గూడ మిగిలినప్పుడో? ఆస్తిని ఆఱు భాగములు చేసినచో భర్తకు 3, అక్కచెల్లెండ్రకు 4, వెరసి 7. ఆఱింటినుండి ఏడు నిచ్చు టెట్లు? రెండవ ఖలీఫాయగు ఉమరు (పాలనము 634–644) పెద్దలతో నాలోచించి, ఆస్తిని ఏడు భాగములే చేసి భర్తకు 3, వారికి 4 ఇమ్మనెను. అప్పులవాండ్రకు ఆస్తి చాలనప్పుడు తలకొక కొంత తగ్గించి పంచుటవంటిదే యిది. దీనికి ఔల్ అని పేరు. ప్రవక్త పినతండ్రి కుమారుఁడగు ఇబ్ను అబ్బాసు దీని నొప్పుకొనలేదు. ఇసుకరేణువులను లెక్కింపఁగల దేవుఁడు ఒక్క సొత్తున దానికి మించిన పాళ్లను విధించియుండఁడనియు, కొందఱి భాగము నిశ్చితము, కొందఱిది శేషాధీనము గావున రెండవవారిదే తగ్గింపవలయుననియు అతని పక్షము. షియా సంప్రదాయమువారు నేఁటికిని ఈ పక్షమునే పాటింతురు. రెండు పక్షములకును గ్రంథ మొక్కటియే యనుట గమనింపఁదగినది.

రెండవ వ్యాజ్యము మఱింత రసవంతము. ఒకతె మరణింపఁగా భర్తయు, తల్లియు, తల్లి యొకతెయై తండ్రి వేఱయిన సోదరు లిద్దఱును, తలిదండ్రు లిరువురు నొక్కరేయైన సోదరులును మిగిలిరి. భర్తకు సగము, తల్లి కాఱవపాలు, తల్లివైపు సోదరులకు మూఁడవపాలు, దీనితో సొత్తు సరిపోయినది. సొంత సోదరులు శేషాధికారులు, శేషము సున్న. వారు ఉమరు కడకుఁ బోయి, "మా తండ్రి గాడిదయే యనుకొనుఁడు, తల్లి మాత్రము వారికిని మాకును ఒకతెయే కదా!" యని వాదించిరఁట. దగ్గఱి బంధుత్వము అధికమగుటచేతనే హక్కు పోవుట యెట్టి న్యాయమని వారి గోడు. ఉమరు దానిని విని, ఆ మూఁడవపాలునందు వారినిఁగూడఁ గలిపెను. మాలికు, షాఫియీ యనువారీ తీర్పును గ్రహించిరి. అబూ హనీఫా, అహమ్మదు ఇబ్ను హంబలు గ్రహింపలేదు. నేఁటికిని పాఠశాలలలో దీనికి "గాడిద వ్యాజ్యము" అనియే పేరు. నవ్వు పుట్టించు పేరైనను ప్రశ్న మాత్రము నవ్వులాట కాదు. అక్షరమును బట్టి పోవలయునా, అక్షరము వెనుకనున్న హేతువును బట్టి పోవలయునా?

ఎనిమిదవ శతాబ్దినాఁటికి ఈ ప్రశ్నకు ఊరికొక సమాధాన మేర్పడెను. ఇరాకునందలి కూఫా నగరమున అబూ హనీఫా (699–767) శిష్యులు యుక్తికిఁ బెద్దపీట వేసిరి. మదీనాలో మాలికు (మరణము 795) ఆ పట్టణపు శిష్టాచారమును గొప్ప ప్రమాణముగాఁ గొనెను. ప్రవక్త నివసించిన యూరివారు తరతరములుగా నాచరించుచున్నది ఒక్కఁడు చెప్పిన వార్తకంటె బలవత్తర మని యాతని తలంపు. ఇట్లు ప్రమాణములే భిన్నము లగుటచేఁ దీర్పులు భిన్నములయ్యెను. ఏది సరి యని తేల్చుటకుఁ దులాదండము లేకపోయెను.

ఈ సమయమున షాఫియీ (767–820) వచ్చెను. గాజాలోఁ బుట్టి, మక్కాలోఁ బెరిగి, మదీనాలో మాలికు నొద్దఁ జదివి, ఇరాకున అబూ హనీఫా శిష్యుఁడగు షైబానీ గ్రంథములను శోధించి, తుద కీజిప్టునఁ గన్నుమూసిన యీ మహామహుఁడు ఇరు పక్షముల గుట్టు నెఱిఁగినవాఁడు. బస్రా వాస్తవ్యుఁడగు ఒక హదీసు పండితుని కోరికపై నతఁడు వ్రాసిన "రిసాలా" యను గ్రంథము మనకు లభించిన వానిలో నీ విషయమును గూర్చిన మొదటి స్వతంత్రగ్రంథము. రిసాలా యనఁగా లేఖ. మొదట వ్రాసినదానిని అతఁ డీజిప్టునఁ దిరుగ వ్రాసెను. ఇప్పుడు మన కున్న దా రెండవ కూర్పే. అందు ఖురాను, ప్రవక్త యాచరణమగు సున్నత్తు, సమాజపు టేకాభిప్రాయమగు ఇజ్మా, సాదృశ్యమువలనఁ జేయు ఊహయగు ఖియాసు అను నాలుగు మూలములును వరుసక్రమమునఁ బ్రతిష్ఠింపఁబడినవి.

వేదము, స్మృతి, సదాచారము, ఆత్మతుష్టి యని మనువు చెప్పిన చతుష్టయము పాఠకులకు వెంటనే స్ఫురించును. పోలిక కలదు గాని నాలుగవ మెట్టున రెండు దారులును వేఱగును. పండితుఁడు తనకు మంచిదని తోఁచినదానిని ధర్మమని చెప్పుటను షాఫియీ సహింపఁడు. అట్లు చెప్పువాఁడు తానే శాసనకర్త యగుచున్నాఁడని యాతని యాక్షేపము. మనవారును ఆత్మతుష్టిని విద్వాంసులైన శిష్టులకే పరిమితము చేసి, వికల్పము లున్నచోటనే వినియోగించి, దానికిఁ గళ్లెము వేసిరి. షాఫియీ కళ్లెముతోఁ దృప్తిపడక గుఱ్ఱమునే దించివేసెను.

షాఫియీయే యీ శాస్త్రమునకు నిర్మాత యను సంప్రదాయవాదమును 1950 లో జోసెఫ్ షాఖ్ట్ అను జర్మను పండితుఁడు బలపఱచి, దానితోఁబాటు హదీసులలోఁ బెక్కింటి ప్రాచీనతను శంకించెను. 1993 లో వాయిల్ హల్లాఖ్ అను పండితుఁడు దానికి భిన్నముగా, షాఫియీ తరువాత నించుమించు నూఱేండ్లవఱకు రిసాలాను అనుసరించి యెవరును సమగ్రగ్రంథము వ్రాయలేదనియు, శాస్త్రమునకు నిండురూపము పదవ శతాబ్దిలోనే వచ్చెననియు వాదించెను. బీజము షాఫియీదే యైనను చెట్టు పెక్కురి తోఁట యనుట నాకు యుక్తముగాఁ దోఁచుచున్నది.

ఇఁక శాస్త్రపు లోపలికిఁ బోవుదము. దీనిలో సగమునకుఁ బైగా శబ్దవిచారము. ఆజ్ఞార్థకక్రియ విధిని బోధించునా, ప్రోత్సాహమునా, అనుజ్ఞనా? హజ్జు దీక్ష ముగిసినపిమ్మట వేఁటాడుఁ డని ఖురానున నున్నది. ఎవరును వేఁట తప్పనిసరి యనుకొనరు. నిషేధము తొలఁగిన పిదప వచ్చిన యాజ్ఞ గావున నది యనుజ్ఞ మాత్రమే. సామాన్యవాక్యమును విశేషవాక్యము బాధించుట మన యుత్సర్గాపవాదన్యాయమే. కాని సామాన్యవాక్యము తన వ్యక్తులన్నిటియందును నిశ్చయముగాఁ బ్రవర్తించునని హనఫీలును, సంభావ్యముగా మాత్రమే ప్రవర్తించునని షాఫియీలును అందురు. ఈ సూక్ష్మభేదమువలన, ఒక్కని నోట వచ్చిన హదీసు ఖురాను సామాన్యవాక్యమును సంకోచింపఁ జేయవచ్చునా యను పెద్ద వివాదమున నిరువురును ఎదురెదురు నిలిచిరి.

నానార్థపదముల చిక్కున కొక్క యుదాహరణము చాలును. విడాకులు పొందిన స్త్రీ మూఁడు "ఖురూ" లు వేచియుండి పిదప మఱల వివాహమాడవచ్చునని విధి. ఆ పదమునకు రజోదర్శన మనియు, రెండు దర్శనముల నడిమి శుద్ధికాల మనియు నరబ్బీలో రెండర్థములును గలవు. హనఫీలు మొదటి యర్థమును, మాలికీ షాఫియీలు రెండవదానిని గ్రహించిరి. రెండు లెక్కలకును గొన్ని దినముల తేడా వచ్చును. ఆ దినములలో భర్త మనసు మార్చుకొని భార్యను దిరుగఁ బిలుచుకొనఁగలఁడా, వారిలో నొకరు మరణించినచో రెండవవారికి దాయము వచ్చునా యనునవి యీ నిఘంటుచర్చపై నాధారపడియుండును. ఒక కాపురము, ఒక యాస్తి కోశమునందలి యొక పదముపై వ్రేలాడుచున్నవని యెఱిఁగినవాఁడు వ్యాకరణము నిష్ప్రయోజన మనఁడు.

ఖియాసు ఈ శాస్త్రమునకు గుండెకాయ. దీనికి నాలుగంగములు: తీర్పు తెలిసిన మూలసందర్భము, తెలియని నూతనసందర్భము, రెంటికిని సమానమగు హేతువు, దానివలన సంక్రమించు తీర్పు. హేతువును ఇల్లత్తు అందురు. ద్రాక్షసారాయి నిషిద్ధము, ఖర్జూరపు మద్యము మాట యేమి? మత్తు గొల్పుట నిషేధహేతువైనచో నదియు నిషిద్ధమే. హేతువు మత్తే యనుట కాధార మేమి? పిండిన ద్రాక్షరసమున మత్తు లేదు, నిషేధము లేదు. అది పులిసినప్పుడు మత్తు కలదు, నిషేధము కలదు. మఱల పుల్లని సిర్కాగా మాఱినప్పుడు మత్తును పోయెను, నిషేధమును పోయెను. మన తార్కికులు దీనిని అన్వయవ్యతిరేకము లందురు. వారు దవరాను అందురు. సంభావ్యహేతువుల నన్నిటిని లెక్కించి యొక్కొకదానిని ద్రోసివేసి మిగిలినదానిని గ్రహించు పరిశేషక్రమము వేఱొకటి కలదు. అయితే మన ధూమమునకును వారి యిల్లత్తునకును భేద మున్నది. పొగకు నిప్పుతో సంబంధము వస్తుసహజము, వంటయింటఁ గన్నులార చూచినది. మత్తునకు నిషేధముతో సంబంధము దైవసంకల్పమువలన వచ్చిన దనియు, హేతువు సంకేతమాత్ర మనియు అష్అరీ సంప్రదాయమువారి మతము.

హేతునిర్ణయ మెంత కష్టమో తెలియుటకు వడ్డీ నిషేధమును జూడవలయును. బంగారము, వెండి, గోధుమలు, యవలు, ఖర్జూరము, ఉప్పు అను నాఱింటిని వానితోనే మార్చుకొనునప్పుడు సరికి సరిగాను, చేతికిఁ జేతిగాను మార్చుకొనవలయుననియు, హెచ్చు తీసికొనుట వడ్డీ యనియు నొక హదీసు. ఇందు వడ్లు లేవు, బియ్యము లేదు. కుంచెడు పాత బియ్యమిచ్చి కుంచెడున్నర క్రొత్త బియ్యము గొన్నచో దోషమా? ఈ ప్రశ్న మన రైతుకుఁ గూడ నర్థమగును. హనఫీలు హేతువు కొలఁతగాని తూనికగాని యనిరి. బియ్యము కొలుతురు గావున దోషము. షాఫియీలు బంగారు వెండులయందు ద్రవ్యత్వమును, తక్కిన నాల్గింటియందు ఆహారత్వమును హేతువులనిరి. వారికిని బియ్యము దోషమే. మాలికీలు జీవనాధారమై నిలువచేయఁదగిన యాహారమే యనిరి, బియ్యమట్లే దొరకిపోయెను. మూఁడు త్రోవలును ఇక్కడఁ గలిసికొన్నవి. కాని యినుమును గూర్చి యడిగినచో విడిపోవును. ఇనుము తూఁచెదరు గావున హనఫీకి దోషము. తినరు గావున షాఫియీకిఁ గాదు. లెక్కించి యమ్ము దానిమ్మపండ్లయందు తలక్రిందులు: షాఫియీకి దోషము, హనఫీకిఁ గాదు. కర్డోవా వాసియగు ఇబ్ను హజము (994–1064) వీరి నందఱిని ద్రోసిపుచ్చెను. దేవుఁ డేదియు మఱవఁడు. ఆఱు చెప్పెను గావున ఆఱే. ఏడవది చేర్చువాఁడు దేవుని పేరఁ దన మాట పలుకుచున్నాఁడని యాతని పక్షము. అక్షరవాదు లని పేరువడిన ఈ జాహిరీలకు రాను రాను అనుయాయులు తగ్గిపోయిరి. అయినను వారి యాక్షేపమునకు సమాధానము చెప్పవలసి వచ్చుటచేతనే తక్కినవారి హేతువిచార మంత నిశితమయ్యె నని నేననుకొందును.

ఖియాసు నతినియమముతో నడపినచో నొక్కొకచో లోకయాత్రకే భంగము వచ్చును. లేని వస్తువు నమ్మరాదు. అట్లైనచోఁ జెప్పులు కుట్టువానికి ముందుగాఁ జెప్పి కుట్టించుకొను టెట్లు? జెప్పులింకను బుట్టలేదు కదా! హమాముశాలలో నీరెంత వాడుదుమో చెప్పకయే రుసుమిచ్చి స్నానము చేయుట యెట్లు చెల్లును? హనఫీలు ఇట్టి చోట్ల ఊహను విడిచి, లోకాచారమును గాని మఱియొక బలవత్తర హేతువును గాని పురస్కరించుకొని మేలైనదానిని గ్రహింతురు. దీనికి ఇస్తిహ్సాను అని పేరు. షాఫియీ దీనిని ఖండించుటకుఁ బ్రత్యేకముగా నొక గ్రంథమే వ్రాసెను. తరువాతి హనఫీలు ఇది యిచ్ఛానుసారము గాదనియు, దాఁగియున్న బలమైన ఖియాసునో ఆచారమునో యాశ్రయించినదే యనియు సమర్థించుకొనిరి. విమర్శకుని కొఱకు సమర్థన వెదకఁబోయి తమ సిద్ధాంతమునే చక్కఁబఱచుకొనిరన్నమాట.

గజాలీ (1058–1111) తన చివరి యేండ్లలో రచించిన "ముస్తస్ఫా" యందు శాస్త్రమునంతయు నొక చెట్టుతోఁ బోల్చెను. తీర్పులు పండ్లు, ప్రమాణములు పండ్లనిచ్చు చెట్టు, అర్థనిర్ణయపద్ధతులు పండ్లను గోయు విధానము, పండితుఁడు కోయువాఁడు. మతము, ప్రాణము, బుద్ధి, సంతతి, ధనము అను నయిదింటిని రక్షించుటయే శాసనముల పరమప్రయోజన మనియు అతఁడు నిరూపించెను. గ్రానాడా పండితుఁడగు షాతిబీ (మరణము 1388) ఈ ప్రయోజనవాదమును విపులీకరించెను.

ఇంత చేసియు వారు తమ తీర్పులు సత్యమే యని ప్రతిజ్ఞ చేయలేదు. ఖియాసువలనఁ గలుగునది నిశ్చయజ్ఞానము గాదు, సంభావన మాత్రమే యని విస్పష్టముగా నొప్పుకొనిరి. మఱి సంభావనపై నాధారపడి మనుష్యుని ధనమును, మానమును నిర్ణయింపవచ్చునా? షాఫియీ దీనికి దిక్కునుగూర్చిన దృష్టాంత మిచ్చెను. మక్కాలో ఆలయము నెదుట నున్నవాఁడు కన్నులఁ జూచి దానికి మొగమై ప్రార్థించును. దూరమున నున్నవాఁడు నక్షత్రములను, గాలులను, కొండలను గుర్తుగాఁ గొని యూహింపవలయును. ఇద్దఱు బాటసారులు వేర్వేఱు దిక్కుల నూహించినచో నెవని దిక్కున వాఁడు ప్రార్థింపవలసినదే. రెండవవానిని జూచి తన యూహ మార్చుకొనరాదు. శ్రమపడి వెదకుట విధి. తప్పక కనుఁగొనుట విధి గాదు. ఒక్కఁడే సత్యమును బట్టె ననియు, రెండవవాఁడు తప్పినను శ్రమకుఁ బుణ్యము పొందుననియు బెక్కండ్రు చెప్పిరి. గజాలీ మొదలగువారు, గ్రంథము నిర్ణయింపని చోటఁ బ్రతి పండితుని తీర్పును సత్యమే యనిరి. పదవ శతాబ్దితో నీ స్వతంత్రవిచారమునకుఁ దలుపులు మూయఁబడె నని చాలకాలము చరిత్రకారులు వ్రాయుచు వచ్చిరి. హల్లాఖ్ 1984 లో దానిని బ్రమాణపూర్వకముగా ఖండించెను.

మన దేశమున నీ శాస్త్రమునకుఁ జక్కని పోషణము గలిగెను. ముహిబ్బుల్లా బిహారీ (మరణము 1707) రచించిన "ముసల్లముస్సుబూతు" హనఫీ షాఫియీ పద్ధతులను గలిపి నడపిన గ్రంథము. దానికి "ఫవాతిహుర్రహమూతు" అను వ్యాఖ్య వ్రాసిన అబ్దుల్ అలీ లక్నో పండితవంశమువాఁడు. ఆర్కాటు నవాబు మహమ్మదలీ యాదరణమున మద్రాసు చేరి, బహరుల్ ఉలూము, అనఁగా విద్యాసముద్రుఁడను బిరుదముతో నచ్చటనే 1810 లోఁ గీర్తిశేషుఁ డయ్యెను. కైరో సమీపమున బూలాఖు ముద్రణాలయమువారు ఇరువదవ శతాబ్ది మొదటఁ బ్రకటించిన "ముస్తస్ఫా" ప్రతిలో గజాలీ గ్రంథముతోఁ గలిపి యీ మద్రాసు పండితుని వ్యాఖ్యయు నచ్చుపడినది.

ఆంగ్లేయుల న్యాయస్థానములలో మాత్రము చెట్టునకు స్థానము లేకపోయెను. ముసల్మానులకు ఖురాను, హిందువులకు శాస్త్రములు ననుసరించి తీర్పు చెప్పవలయునని 1772 లో వారన్ హేస్టింగ్సు నిర్ణయించెను. పండ్రెండవ శతాబ్దిలో మర్గీనానీ రచించిన "హిదాయా" పారసీకభాషాంతరమునుండి యింగ్లీషునకు మార్చఁబడి 1791 లో వెలువడెను. అరబ్బీ రాని న్యాయాధిపతికి అదియే యంతిమప్రమాణ మయ్యెను. ప్రాచీనవ్యాఖ్యాతలకు విరుద్ధముగా న్యాయస్థానము ఖురాను వాక్యమునకుఁ దానుగా నర్థము చెప్పఁగూడదని యొక వితంతువు భరణపు వ్యాజ్యమున 1897 లో ప్రీవీకౌన్సిలు తీర్మానించెను. పరభాషీయులైన న్యాయాధిపతుల కది వినయమే. కాని ఫలములను బుట్టలోఁ బెట్టుకొని, కోయు విద్యను విడిచినట్లయ్యెను. దత్తమీమాంసాదుల విషయమున మనకును ఇట్టి యనుభవమే కలదు.

హైదరాబాదున ఇహయావుల్ మఆరిఫిన్నుమానియ్యా యను సంస్థను స్థాపించిన అబుల్ వఫా అఫ్గానీ, ప్రాచీన హనఫీ గ్రంథములను వ్రాఁతప్రతులనుండి పరిష్కరించెను. వానిలో సరఖ్సీ యను పదునొకండవ శతాబ్ది పండితుని "ఉసూలు" 1950 దశకపు మొదటఁ గైరోలో నచ్చొత్తింపఁబడినది. మధ్యాసియాలో నొక ప్రభువు చెఱనుంచఁగా, ఆ చెఱలోనుండియే సరఖ్సీ దీనిని శిష్యులకుఁ జెప్పి వ్రాయించెనని ప్రసిద్ధి. గ్రంథారంభమున నతఁడు, ధర్మమున కన్నిటికంటె ముందు విచారింపవలసినది ఆజ్ఞయు నిషేధమును అని చెప్పి, ఆజ్ఞార్థకక్రియాప్రకరణముతోఁ బ్రారంభించెను. జైమిని రెండవ సూత్రమున ధర్మమునకుఁ జోదనయే లక్షణ మని చెప్పుట మీమాంసకు లెఱిఁగినదే.